రెండో భాగానికి కావలసిన నడక

పాలు పొంగకుండా కాపలా కాయడం కంటే ఘనకార్యం ఆ పొద్దున పాపాయికి ఇంకేమీ లేదు. ఆసుపత్రిలో డ్యూటీ మధ్యాహ్నం రెండింటికి. ముప్ఫై ఒకటో ఏడు నడుస్తున్నా ఇంట్లో ఆమె పాపాయే. ఆసుపత్రిలో మాత్రం ఫిజియోథెరపిస్టు. పడిపోయిన కాళ్ళని లేపి నడిపించే పని కాబట్టి రోగులందరూ నడకల డాక్టరమ్మ అంటారు. డాక్టర్ని కాదు మొర్రో అని ఆమె మొత్తుకున్నా వినేవాళ్ళు లేరు.

అప్పుడే వెనక గదిలోంచి చెప్పుల చప్పుడు వినిపించింది. ఆడవాళ్ళ చెప్పులు. గచ్చు మీద తీరుబడిగా నాలుగడుగులు వేసి, ఆగి, మళ్ళీ రెండు వేసినట్టు. పాపాయికి ఒళ్ళు జల్లుమంది. ఆ చప్పుడు ఆమెకి పుట్టినప్పటి నుంచీ తెలుసు. అది అమ్మ నడక. అమ్మ పోయి రెండేళ్ళయింది.

పాలు పొంగి స్టవ్వంతా ఒలికాయి. వాటిని తిట్టుకుంటూ, వాటితో పాటు నాన్ననీ తిట్టుకుంటూ గుడ్డ పట్టుకుంది. ఎందుకంటే భయపడాల్సిందేమీ లేదు, ఇది వాళ్ళ నాన్న చేసే పనే. ఆయన సినిమాలకి చప్పుళ్ళు చేస్తాడు. తెర మీద హీరో నడుస్తుంటాడు, ఆ అడుగుల చప్పుడు మాత్రం ఈ ఇంటి వెనక గదిలో పుడుతుంది. అందులో నేల మీద చదరాలు చదరాలుగా గచ్చు, చెక్క, ఇసుక, కంకర పరిచి ఉంటాయి. గోడవార అరల్లో నలభై జతల చెప్పులు. తలుపు కిర్రుమన్నా, చీర రెపరెపలాడినా, ఎవరి చెంపైనా ఛెళ్ళుమన్నా అదంతా ఆయన చేతి చలవే. వీధిలో అందరూ ఆయన్ని చెవుల మాస్టారంటారు. మగవాళ్ళ అడుగులు ఆయన వేసేవాడు, ఆడవాళ్ళ అడుగులన్నీ అమ్మ వేసేది. మూడేళ్ళ కిందట వచ్చి ఊళ్ళన్నీ ఊపేసిన దెయ్యం సినిమాలో దెయ్యం నడక కూడా అమ్మదే. ఇప్పుడు ఆ సినిమాకి రెండో భాగం తీస్తున్నారు. నాన్న పాత రికార్డింగు పెట్టుకుని వింటున్నాడన్నమాట.

“పొద్దున్నే ఆ దెయ్యాన్ని ఇల్లంతా తిప్పకపోతే ఏం నాన్నా!” అని అరుస్తూ వెళ్ళింది పాపాయి.

వెనక గది తలుపుకి బయట గొళ్ళెం పెట్టి ఉంది. నాన్న వసారాలో పీట మీద కూర్చుని, పాత చెప్పుల జత ఒకటి తుడుస్తున్నాడు.

“నేనింకా మిషన్ ఆన్ చెయ్యలేదమ్మా,” అన్నాడు. “కరెంటు పోయి అరగంటయింది, చూడలేదా?”

పాపాయి తల ఎత్తి చూసింది. ఫ్యాను తిరగడం లేదు.

నాన్న గుడ్డ పక్కన పెట్టి ఆమె మొహంలోకి చూశాడు. “నీకూ వినిపించిందా?” అన్నాడు. అని, నాలుక కరుచుకున్నట్టు వెంటనే తల దించేసుకున్నాడు. “ఏం లేదులే. వెళ్ళి టీ పెట్టు. పదింటికి దర్శకుడు వస్తాడు.”

నీకూ అంటే ఏమిటని అడగాలనుకుంది. అడగకుండానే టీ పెట్టడానికి వెళ్ళింది.

పదింటికి కరెంటూ వచ్చింది, దర్శకుడూ వచ్చాడు. పాతికేళ్ళు దాటినట్టు లేడు. నల్ల కళ్ళజోడు కళ్ళకి పెట్టుకోకుండా నెత్తిన పెట్టుకు తిరుగుతాడు. వాడి వెనకే పిన్ని కూడా దిగింది. అమ్మకి స్వయానా చెల్లెలు, రెండు వీధుల అవతల ఉంటుంది. అక్కాచెల్లెళ్ళ నడక ఒకేలా ఉండకపోతుందా అని నాన్నే కబురు చేశాడట.

“బావా, ఈ చెప్పులు నాకు పట్టవు. అక్కది పిచ్చుక పాదం, నాది ఏనుగు పాదం,” అంది పిన్ని, అమ్మ చెప్పుల్లోకి వేళ్ళు దూర్చే ప్రయత్నం చేస్తూ.

“మాట్లాడకుండా నడువు.”

“మాట్లాడకుండా నేను ఎప్పుడు నడిచాను గనక!”

గచ్చు చదరం మీద ఇటు నుంచి అటు నడిచింది. మైకు దగ్గర కూర్చున్న నాన్న కళ్ళు మూసుకుని తల అడ్డంగా ఊపాడు. మళ్ళీ నడిచింది. మళ్ళీ ఊపాడు. ఆరోసారికి దర్శకుడు ఉండబట్టలేక, “అమ్మా, మీరు దెయ్యం నడిచినట్టు నడవడం లేదు. బస్సు వెళ్ళిపోతున్నట్టు నడుస్తున్నారు,” అన్నాడు.

“దెయ్యానికి పనీపాటా ఏముంది నాయనా, ఎంత నెమ్మదిగానైనా నడుస్తుంది. నాకు ఇంటి దగ్గర అంట్లున్నాయి,” అంది పిన్ని, చెప్పులు విడిచేస్తూ. అందరూ నవ్వారు. టీ పళ్ళెం పట్టుకుని గుమ్మంలో నిలబడ్డ పాపాయికి కూడా నవ్వొచ్చింది. అమ్మ పోయాక ఆ గది గుమ్మం తొక్కడం ఆమెకి అదే మొదటిసారి.

దర్శకుడు కుర్చీ ముందుకి జరుపుకున్నాడు. “మాస్టారూ, మొదటి భాగంలో దెయ్యం మొహం ఎవరికీ గుర్తులేదు. ఆ నడకే గుర్తుంది. రెండో భాగంలో ఆ కుటుంబం ఇల్లు మారిపోతుంది. పీడ వదిలిందనుకుంటారు. కొత్త ఇంట్లో సామాను సర్దుకుంటూ ఉంటారు, మేడ మీద అదే నడక! సినిమా హాల్లో ఒక్కడు కూడా కుర్చీలో కూర్చోకూడదు. ఆ ఈడ్పు ఉంది చూశారూ, అది ఈసారి ఇంకా ఎక్కువ కావాలి. ఒక్కసారి పాతది పెట్టండి, ఈ అమ్మగారికి తెలుస్తుంది.”

నాన్న కదల్లేదు. “అది ఇప్పుడెందుకులే బాబూ,” అన్నాడు. దర్శకుడే చొరవగా లేచి బొత్తాం నొక్కేశాడు.

గది నాలుగు మూలల నుంచీ నడక వచ్చింది. టక్. తర్వాత నేలని రాసుకుంటూ స్‌స్‌స్. మళ్ళీ టక్. మళ్ళీ స్‌స్‌స్. పిన్ని రెండు చేతులూ చెవుల మీద పెట్టుకుంది.

పాపాయి ఆ సినిమా చూడలేదు. అది తీసేటప్పుడు తను దూరాన పై చదువు చదువుకుంటోంది. విడుదలయ్యేసరికి అమ్మ మంచం పట్టింది. ఆ తర్వాత చూడాలనిపించలేదు. ఆ నడక వినడం ఇదే మొదటిసారి. హాల్లో జనం దేనికి కేకలు పెట్టారో ఆమెకి తెలియదు గానీ, తనకి వినబడిందేమిటో ఆమెకి క్షుణ్ణంగా తెలుసు. కుడి పాదం సరిగ్గానే పడుతోంది. ఎడమ పాదంలో మడమ ముందు పడటం లేదు. వేళ్ళు పైకి లేవక నేలని రాసుకుంటున్నాయి. ఇలాంటి పాదాలు రోజుకి పది ఆమె చేతుల్లోంచి వెళతాయి. నరం పనిచెయ్యని పాదం అలా నడుస్తుంది. ఎంత గొప్ప నటి అయినా ఆ చప్పుడు చెయ్యలేదు.

“ఇది ఎప్పుడు రికార్డు చేశారు?” అంది.

“రికార్డింగు పెట్టె మీద రాసే ఉంది కదండీ. ఫిబ్రవరి,” అన్నాడు దర్శకుడు హుషారుగా. “ఇరవై రెండు రోజులు చేశాం. మీ అమ్మగారు మామూలావిడ కాదు!”

అమ్మని మొదటిసారి డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళింది ఆ ఏడాది అక్టోబరులో. అప్పటికి వెన్నులో గడ్డ నిమ్మకాయంత అయింది. ఆరు నెలల ముందు తెచ్చి ఉంటే అన్నాడు డాక్టరు. అన్నాడంతే, మాట పూర్తి చెయ్యలేదు. పూర్తి కాని ఆ మాట రెండేళ్ళుగా పాపాయి గుండెలో ముల్లై కూర్చుంది. ఆరు నెలల ముందు ఎవరికి తెలిసి ఉంటుందిలే, అమ్మకే తెలియలేదు కదా అని తనకి తాను సర్దిచెప్పుకుంటూ వచ్చింది.

నాన్న చెయ్యి చాచి రికార్డింగు ఆపేశాడు. ఆమె వైపు చూడలేదు.

“ఏమిటే పాపాయ్, మొహం అలా పాలిపోయింది?” అంది పిన్ని.

దర్శకుడికి ఇవేవీ పట్టలేదు. “మాస్టారూ, మీ అమ్మాయిగారు నడిస్తే ఎలా ఉంటుంది? తల్లి నడక కూతురికి రాకుండా పోతుందా?”

“నా రెండు కాళ్ళూ బాగానే ఉన్నాయండీ,” అంది పాపాయి. “నేను నడిస్తే మీకు పనికిరాదు.”

దర్శకుడు రేపటికల్లా ఏదో ఒకటి తేల్చమని వెళ్ళిపోయాడు. గాలి మారిందని పిన్నికి అర్థమైంది. మామూలుగా అయితే గంట సేపు గుమ్మంలో నిలబడి మాట్లాడే మనిషి, సాయంత్రం వస్తానని గబగబా జారుకుంది. ఇంట్లో తండ్రీ కూతురూ మిగిలారు. నాన్న చెప్పులు అరలో సర్దుతున్నాడు. సర్దినవే మళ్ళీ సర్దుతున్నాడు.

“గేటు చప్పుడుకే వచ్చిందెవరో చెప్పేస్తావు,” అంది పాపాయి. “నేను బడి నుంచి వస్తే, నా అడుగులు విని ఆ రోజు దెబ్బలు తిన్నానో లేదో చెప్పేవాడివి. అమ్మ కాలు ఈడుస్తుంటే నీకు వినపడలేదంటే నేను నమ్మాలా నాన్నా?”

ఆయన చేతిలో చెప్పు అలాగే ఉండిపోయింది.

“వినపడింది.”

“ఎప్పుడు?”

“అందరికంటే ముందు. మీ అమ్మ కంటే కూడా ముందు.” ఆయన ఇసుక చదరం అంచు మీద కూలబడ్డాడు. “చెప్పులు కొత్తవనుకున్నాను. మార్పించాను. ఉత్త కాళ్ళతో నడిపించాను. అయినా అదే ఈడ్పు. ఏమిటే ఆ నడక అన్నాను. కాలు తిమ్మిరెక్కినట్టుందండీ, దానంతటదే పోతుందిలెండి అంది. నేనేమన్నానో తెలుసా?”

“చెప్పు.”

“ఈ సినిమా అయ్యేదాకా పోనివ్వకు అన్నాను.” ఆయన వేలు ఇసుకలో గీతలు గీస్తోంది. “ఇద్దరం నవ్వుకున్నామమ్మా. ఆ చప్పుడు అంత బాగుంది. నలభై ఏళ్ళలో నేను అలాంటి చప్పుడు వినలేదు. నా చెవులకి అందులో సినిమా వినపడింది, మీ అమ్మ వినపడలేదు.”

పాపాయి ఒక అడుగు వెనక్కి వేసింది. “ఆరు నెలల ముందు తెచ్చి ఉంటే అన్నాడు డాక్టరు. నా పక్కనే నిలబడి విన్నావు. ఒక్క ముక్క మాట్లాడలేదు. రెండేళ్ళు నా ఎదురుగా కంచం ముందు కూర్చుని తిన్నావు!”

“ఎలా చెప్పను?”

“హాలు నిండా జనం అమ్మ జబ్బుని విని కేకలు పెట్టారు నాన్నా! నీకు శాలువా కప్పారు. చాలక, ఇప్పుడు రెండో భాగమా? ఇంకా ఎక్కువ ఈడ్పు కావాలట. ఎవరి కాలు తెచ్చిస్తావు?”

ఆమె తన గదిలోకి వెళ్ళి సూట్‌కేసు తీసింది. ఆసుపత్రి వెనక స్టాఫ్ క్వార్టర్లలో ఒక గది ఖాళీగా ఉంది, అడిగితే ఈ రోజే ఇస్తారు. ఇంక ఈ మనిషితో ఒక కప్పు కింద ఉండటం తన వల్ల కాదు. తల్లి పోయాక మిగిలింది తండ్రి ఒక్కడే, ఆయన కూడా ఇక లేనట్టే అనుకుంటూ చేతికందిన బట్టలు కుక్కేసింది. కుక్కుతూ ఏడ్చింది. ఎవరి కోసం ఏడుస్తోందో ఆమెకే తెలియలేదు.

సూట్‌కేసు ఈడ్చుకుంటూ హాల్లోకి వచ్చేసరికి నాన్న ఎదురుగా నిలబడి ఉన్నాడు.

“వెళ్ళమ్మా. ఆపను. ఆపే మొహం నాకు లేదు. ఒక్క పని చేసి వెళ్ళు.”

“నీ కోసం నేను నడవను.”

“నడవొద్దు. విను.” ఆయన వెనక గది వైపు చెయ్యి చూపించాడు. “మేం పని మొదలుపెట్టే ముందు ఖాళీ పడతాం. నీకు తెలుసుగా.”

తెలుసు. ఏ గది నిశ్శబ్దం ఆ గదిదే. అందుకని మైకు ఆన్ చేసి, అందరూ బయటికొచ్చి తలుపేసి, రెండు నిమిషాలు ఉత్త గదిని రికార్డు చేస్తారు. దాన్నే నాన్న ఖాళీ అంటాడు. తర్వాత అడుగుల కింద ఆ ఖాళీని పరుస్తారు.

“నెల రోజుల నుంచి ఖాళీ పడుతుంటే అది ఖాళీగా ఉండటం లేదు,” అన్నాడు నాన్న. “అందులో నడుస్తోంది.”

పాపాయి చేతిలోని సూట్‌కేసు పిడి జారింది. మిట్టమధ్యాహ్నం, కిటికీలోంచి ఎండ కళ్ళల్లో పడుతోంది. అయినా ఆమెకి వీపు మీద చల్లనీళ్ళు పోసినట్టయింది.

“పదకొండుసార్లు పట్టాను. పదకొండుసార్లూ వచ్చింది. మొదటి అడుగు వినగానే హెడ్‌ఫోన్స్ తీసేస్తున్నాను. రెండోది వినే ధైర్యం నాకు లేదు పాపాయ్.”

“అమ్మంటే భయమా నీకు?”

“అమ్మంటే కాదు. ఆ ఈడ్పు ఉందేమోనని భయం.” ఆయన కళ్ళ వెంట నీళ్ళు కారిపోతున్నాయి. “చచ్చిపోయాక కూడా నేను పెట్టిన నడకే నడుస్తోందేమో. నేను పోనివ్వకు అన్నాను కదా, అందుకని పోనివ్వకుండా పట్టుకుందేమో. అందుకే ఈ రెండో భాగం ఒప్పుకున్నాను. ఆ గదిలో మళ్ళీ మళ్ళీ ఖాళీ పట్టడానికి నాకో వంక కావాల్సి వచ్చింది. నీకు నడకలు తెలుసు. నువ్వు విని చెప్పు. ఉంటే ఉందని చెప్పి వెళ్ళిపో.”

కోపం చల్లారలేదు. కానీ కాళ్ళు వెనక గది వైపు నడిచాయి. కుర్చీలో కూర్చుని హెడ్‌ఫోన్స్ పెట్టుకుంది. నాన్న బొత్తాం నొక్కి, గోడ వైపు తిరిగి నిలబడ్డాడు.

ముందు సన్నటి హోరు, ఖాళీ గది హోరు. ఎక్కడో బయట పిట్ట అరుపు. చాలాసేపు అంతే. ఆ తర్వాత అరలోంచి ఎవరో చెప్పుల జత లాగిన చప్పుడు. వాటిని నేల మీద వేసిన చప్పుడు. పాపాయి కుర్చీ చేతులు గట్టిగా పట్టుకుంది. ఆ అర ఆమె కుడి చేతికి మూరెడు దూరంలో ఉంది. అటు చూడలేదు.

నడక మొదలైంది. గచ్చు మీద. భయంతో ఆమెకి ముందు ఏమీ తెలియలేదు. అప్పుడు ఆసుపత్రిలో రోజూ చేసే పనే చేసింది. కళ్ళు మూసుకుని, ఎడమ, కుడి, ఎడమ, కుడి అని లెక్కపెట్టింది. గచ్చు దాటి చెక్క మీదికి, చెక్క దాటి ఇసుకలోకి. ఇసుకలో ఏ పాదమైనా దొరికిపోతుంది, కాస్త ఈడ్చినా చాటతో చెరిగినట్టు వినబడుతుంది. లెక్కపెడుతూనే ఉంది. నడక ఇసుక దాటి, మళ్ళీ గచ్చెక్కి, మైకు దగ్గరికి వచ్చింది. సరిగ్గా ఇప్పుడు తను కూర్చున్న చోటికి. అక్కడ ఆగింది. ఎవరో ఊపిరి పీల్చుకున్నారు. రికార్డింగు అయిపోయింది.

పాపాయి హెడ్‌ఫోన్స్ తీసి ఒళ్ళో పెట్టుకుంది.

“ఈడ్పు లేదు నాన్నా.”

“నా మీద జాలితో చెప్పకు. నీ పేషెంట్లకి చెప్పినట్టు చెప్పు.”

“మడమ ముందు పడుతోంది. వేళ్ళు లేస్తున్నాయి. ఎడమా కుడీ సమానం. నా దగ్గరికి ఇలా నడిచే మనిషి వస్తే, ఇంక మీరు రానక్కర్లేదమ్మా, ఇంటికెళ్ళండని పంపించేస్తాను.”

నాన్న గోడకి నుదురు ఆనించి వెక్కి వెక్కి ఏడ్చాడు. అరవై రెండేళ్ళ మనిషి అలా ఏడుస్తుంటే చూడటం కష్టం. పాపాయి లేచి ఆయన వెనక నిలబడింది. ఆయన వీపు మీద చెయ్యి వెయ్యడానికి ఆమెకి కొంచెం సమయం పట్టింది. తిట్టాల్సినవి ఇంకా ఉన్నాయనుకుంది. నోరు తెరిస్తే వేరే మాట వచ్చింది.

“అమ్మ ఫోన్లో మాట్లాడుతూ ఇల్లంతా తిరిగేది, గుర్తుందా? మాటల వెనకాల ఎప్పుడూ చెప్పుల చప్పుడే. ఆ ఏడాది తిరగడం మానేసింది. నేను హాస్టల్లో పడుకుని, హమ్మయ్య, ఇప్పుడు మాట బాగా వినపడుతోంది అనుకున్నాను. అప్పటికే చదివేది కాళ్ళ చదువు. ఎందుకు కూర్చున్నావమ్మా అని ఒక్కసారి అడగలేదు. ఇది ఎవరికీ చెప్పలేదు. నాకు నేను కూడా చెప్పుకోలేదు.”

నాన్న తిరిగి ఆమె తల మీద చెయ్యి వేశాడు. “నువ్వు ఎక్కడో దూరాన ఉన్నావు తల్లీ. నేను పక్కనే ఉన్నాను. నా తప్పు నాదే, దాన్ని పంచుకోకు.”

ఆ మధ్యాహ్నం పాపాయి ఆసుపత్రికి సెలవు చెప్పేసింది. సూట్‌కేసు హాల్లోనే ఉండిపోయింది. రాత్రి ఇద్దరూ పెద్దగా మాట్లాడుకోలేదు గానీ, రెండేళ్ళ తర్వాత మొదటిసారి వెనక గది తలుపు గొళ్ళెం పెట్టకుండా వదిలేశారు.

మర్నాడు పదింటికి దర్శకుడు ఊడిపడ్డాడు. “దొరికిందా మాస్టారూ?”

నాన్న ఏమీ దాచలేదు. నిన్న పాపాయి విన్న ఖాళీనే పెట్టి వినిపించాడు. దర్శకుడు చేతులు కట్టుకుని చివరిదాకా విన్నాడు.

“ఎవరండీ ఈవిడ? భలే సహజంగా నడిచారు. కానీ ఇందులో భయం ఎక్కడుంది మాస్టారూ? ఎవరో ఇల్లాలు తన ఇంట్లో తన పనేదో చూసుకుంటున్నట్టుంది. ఇది దెయ్యానికి పనికిరాదు.”

పాపాయి నోటికి చెంగు అడ్డం పెట్టుకుంది. నాన్న మాత్రం పైకే నవ్వేశాడు. అమ్మ పోయాక ఆయన అలా నవ్వడం ఆమె చూడలేదు.

“పనికిరాదులే బాబూ,” అన్నాడు. “మొదటి భాగంలోది ఎలాగూ నీ దగ్గరుంది. ఇచ్చేసింది వెనక్కి తీసుకోలేను. కొత్తగా మాత్రం ఒక్క అడుగు కూడా ఇవ్వను. నీ దెయ్యాన్ని వేరే ఎవరి చేతైనా నడిపించుకో.”

దర్శకుడు బతిమాలాడు, అలిగాడు, చివరికి గేటు దబాలున వేసి వెళ్ళిపోయాడు. పాపాయి రెండు గ్లాసుల్లో టీ పోసి తెచ్చింది. తండ్రీ కూతురూ వంటింట్లో బల్ల దగ్గర ఎదురెదురుగా కూర్చున్నారు. ఎండ నేల మీద పరుచుకుని ఉంది. ఇద్దరూ ఏదో మామూలు విషయం మాట్లాడుకోబోతున్నారు.

వెనక గదిలో అడుగులు మొదలయ్యాయి.

ఈసారి రికార్డింగు లేదు, హెడ్‌ఫోన్స్ లేవు. అడుగులు గచ్చు మీద నడిచి, గడప దాటి, హాల్లోకి వచ్చాయి. సూట్‌కేసు దగ్గర ఒక్క క్షణం ఆగి, మళ్ళీ కదిలాయి. వంటింటి గుమ్మం దాకా వచ్చాయి. గుమ్మం పాపాయి వీపు వెనక ఉంది. మెడ మీద రోమాలు నిక్కబొడుచుకున్నా ఆమె తిరిగి చూడలేదు. నాన్న అటే మొహం పెట్టుకుని కూర్చున్నాడు గానీ, కళ్ళు గట్టిగా మూసేసుకున్నాడు. ఆయన వింటున్నాడు. ఒళ్ళంతా చెవులు చేసుకుని వింటున్నాడు.

“నాన్నా,” అంది పాపాయి, పెదవులు మాత్రమే కదిపి. “ఏ కాలు ముందు వేసింది?”

“ఎడమ కాలేనమ్మా. మడమ ముందు పడింది,” అన్నాడాయన. అని చిన్నపిల్లాడిలా ఏడ్చేశాడు. పాపాయి బల్ల మీదుగా ఆయన చెయ్యి పట్టుకుని, అడుగులు మళ్ళీ కదులుతాయేమోనని ఊపిరి బిగబట్టి కూర్చుంది.